రాతిగట్టు - కుదురు

చిత్తూరు జిల్లాలోని కుప్పము ప్రాంతమున ఆకుపచ్చ ఛాయగల గ్రానైటు రాతిని త్రవ్వుదురు. వర్తకులు దానిని ‘కుప్పం గ్రీన్’ అని పిలుతురు. ఇట్టి రాళ్లను పలకలుగా కోసి, నునుపు చేసి, వంటింటి గట్లపై పరచుట నేడు సర్వసాధారణము. రాతికి వేడి యొక లెక్కయా యని పలువురు పొయ్యిపైనుండి దింపిన పాత్రలను నేరుగా దానిపై నుంచుచుందురు. ఇది తగునా?

రాయి వేడికి లొంగదనుట నిజము కాదు. పూర్వము బెంగుళూరు ప్రాంతపు పనివారు మంటతోడనే రాతిని చీల్చెడివారు. బండపై కట్టెలను వరుసగా పేర్చి, నిప్పుపెట్టి, ఆ మంటను మెల్లగా ముందునకు జరుపుచు, సుత్తెతో తట్టి, ధ్వనినిబట్టి పొర విడినదో లేదో గ్రహించెడివారు. మందుగుండు లేకయే పెద్దపలకలు ఊడివచ్చెడివి. ఈ పద్ధతిని గూర్చి 1895లో ‘నేచర్’ అను ఆంగ్ల శాస్త్రపత్రికలో వ్యాసము వెలువడినది.

దీనికి కారణమేమి? వేడెక్కిన వస్తువు వ్యాకోచించును. రాతిలో వేడి త్వరగా వ్యాపింపదు. కావున పాత్ర క్రింది భాగము పెరుగ యత్నించును. చుట్టునున్న చల్లని భాగము దానిని అడ్డగించును. ఈ పెనుగులాటలో బలహీనమైన చోట రాయి బీటవారవచ్చును.

నీరు మరుగునది 100 డిగ్రీల వేడిలోనే. సంగటికుండ నొకసారి దింపినంతనే గట్టు పగులదు. కాని ఉత్తగా కాలిన దోసెపెనము వేడి 200 డిగ్రీలు దాటవచ్చును. అట్టి పెనమును అతుకులపైనను, తొట్టికై కోసిన సన్నని యంచులపైనను ఉంచుట, కాలిన రాతిపై చన్నీళ్లు చల్లుట అపాయకరములు. రాతిపొడిని జిగురుతో కలిపి చేసిన కృత్రిమ పలకలు మరింత సుకుమారములు. సుమారు 150 డిగ్రీలకే జిగురు చెడి, మచ్చలేర్పడును.

నివారణోపాయము మన యిండ్లలోనే కలదు. పెద్దలు కుండక్రింద గడ్డికుదురు నుంచెడివారు. అది కుండను దొరలనీయదు. అంతేకాక, గడ్డిపోచల నడుమ నిలిచిన గాలి వేడిని క్రిందికి సాగనీయదు. మిక్కిలి కాలిన పెనమునకు గడ్డి పనికిరాదు, కమరిపోవును. కాళ్లుగల ఇనుప కుదురు శ్రేష్ఠము. తడిగుడ్డ నెన్నడును వాడరాదు. నీరు వేడిని వెంటనే రాతికి చేర్చును. ఆవిరి చేతిని కాల్చును.

కుండ పగిలినచో వేరొకటి తెచ్చుకొనవచ్చును. పగిలిన పలకను మరల అతుకుట కష్టము. కొండనుండి వచ్చిన రాతిని కాపాడునది గుప్పెడు గాలియే!