మనోవర్తి బకాయి: కిస్తీ వేరు, వాయిదా వేరు

బ్యాంకులో వాయిదా అంటే కిస్తీ. కోర్టులో వాయిదా అంటే కేసు తేదీ. బతు బస్తీ నుంచి మా శాఖకు వచ్చే తెలుగు ఖాతాదారుల్లో కొందరు మనోవర్తి విషయంలో ఈ రెండింటినీ కలిపేసుకోవడం చూస్తుంటాను. "కేసు వాయిదా పడింది కదా సార్, అప్పుడు చూద్దాం" అంటారు. కేసు వాయిదా పడినా బకాయి ఆగదు.

పాత సీఆర్‌పీసీ 125వ సెక్షన్ స్థానంలో 2024 జూలై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 144వ సెక్షన్ అమల్లో ఉంది. భర్త ఇక్కడ, భార్య శ్రీకాకుళంలో ఉంటే ఆమె అక్కడే దరఖాస్తు చేసుకోవచ్చు. వచ్చిన ఉత్తర్వును ఇక్కడ అమలు చేయించుకోవచ్చు. మధ్యలో సముద్రం ఉన్నా ఉత్తర్వు చెల్లుతుంది.

ఉత్తర్వు వచ్చిన రోజే పెద్ద బకాయి ఎందుకు కనిపిస్తుంది? మనోవర్తిని దరఖాస్తు తేదీ నుంచే లెక్కించాలని 2020 నవంబరు 4న రజనీష్-నేహా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నెలకు రూ.5,000 చొప్పున 14 నెలలకు రూ.70,000 అవుతుంది.

కట్టకపోతే వారంటు, జప్తు, ఆ తర్వాత ఒక్కో నెల బకాయికి నెల వరకు జైలు. జైలుకు వెళ్లొస్తే బాకీ మాఫీ అవుతుందనుకోవడం పొరపాటు. జైలు వసూలుకు ఒక మార్గమే తప్ప చెల్లింపు కాదని కుల్‌దీప్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. సివిల్ డిక్రీలా అమలు చేస్తే, మనోవర్తికి సంబంధించి జీతంలో మూడో వంతుకే జప్తు నుంచి రక్షణ ఉంటుంది.

ఒకేసారి కట్టలేనివారు కిస్తీలు కోరుతూ కోర్టులో దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఇది హక్కు కాదు, కోర్టు విచక్షణ. జీతం స్లిప్పులు, ఖాతా స్టేట్‌మెంటు జతచేసి, ముందే కొంత మొత్తం కడితే మాటకు బలం ఉంటుంది. భార్యాభర్తలు నోటిమాటగా ఒప్పుకున్నా కోర్టు ఉత్తర్వు తీసుకోవడమే మేలు.

లెక్క చూద్దాం. పై ఉదాహరణలో రూ.3,000 కిస్తీ ఇస్తే నెలకు కట్టాల్సింది మూడు వేలు కాదు, ఎనిమిది వేలు. ఈ నెల మనోవర్తి రూ.5,000, పాత బాకీ రూ.3,000. అలా 24 నెలల్లో బాకీ తీరుతుంది. ఈ నెలది ఆపి పాతది కడితే బాకీ తీరకపోగా నెలకు రూ.2,000 చొప్పున పెరుగుతుంది.

ఇక్కడ మనం చేయగలిగిన సాయం చిన్నదే అయినా గట్టిది. జీతం పడిన మర్నాడే భార్య ఖాతాకు వెళ్లేలా రెండు స్టాండింగ్ ఇన్‌స్ట్రక్షన్లు పెట్టించండి: ఒకటి నెల మనోవర్తికి, రెండోది బకాయికి. చేతికి నగదు ఇస్తే రేపు రుజువు ఉండదు. "లోన్ కిస్తీ పోయాక మిగిలితే ఇస్తాను" అనేవారికి 2024 డిసెంబరు నాటి సుప్రీంకోర్టు తీర్పు చెప్పండి: మనోవర్తి బకాయిది రుణదాతల హక్కు కంటే ముందు స్థానం. రుణదాతలమైన మనకూ ఇది వర్తిస్తుంది.

ఖాతాదారు భార్య అయితే గడువు గుర్తుచేయండి. బకాయి పడిన ఏడాదిలోపు దరఖాస్తు చేయకపోతే ఆ మొత్తానికి 144 కింద వారంటు రాదు. ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళలకు న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా న్యాయ సహాయం అందిస్తుంది.

మన లెక్కలో 90 రోజులు దాటితే ఖాతా నిరర్థక ఆస్తి అవుతుంది. పిల్లల బడి ఫీజు, ఇంటి బియ్యం అన్ని రోజులు ఆగవు. కౌంటరు దగ్గర ఈ మాట ఒక్కటి చెప్పినా చాలామంది ఆలోచిస్తారు.