పూజారి ఇచ్చిన వరం: అమెరికాలో గంజాయి కార్డు

మన దగ్గర గంజాయి అన్న మాట వినగానే గుర్తొచ్చేవి ఈగల్ పోలీసులు, మన్యం దారుల్లో లారీల తనిఖీలు, కాలేజీలో అందరి చేతా చేయించే యాంటీ డ్రగ్ ప్రతిజ్ఞ. అమెరికాలో మాత్రం అదే గంజాయికి ముందు 'మెడికల్' అని చేర్చి, దానికో అప్లికేషన్, ఫోటో, ఫీజు, రెన్యువల్ పెట్టి, చివరికి ప్రభుత్వ కార్డు చేతికిచ్చే రాష్ట్రాలు చాలా ఉన్నాయి. వైద్యానికి గంజాయి వాడుకోవడానికి ఏదో ఒక రూపంలో అనుమతి ఉన్న రాష్ట్రాలు దాదాపు 40.

మనలో చాలామంది ఎం.ఎస్.కి వెళ్లే ఆలోచనలో ఉన్నాం. అక్కడికి వెళ్లాక నిద్ర పట్టకపోతేనో, నడుం నొప్పి తగ్గకపోతేనో, "కార్డు తీసేసుకో బ్రో, ఇక్కడ అంతా లీగలే" అని చెప్పేవాళ్లు తప్పకుండా తగులుతారు. ఆ 'లీగలే' అన్న మాటలో సగమే నిజం. మిగతా సగం తెలియకపోతే పోయేది కార్డు ఫీజు కాదు, వీసా. అందుకే ఈ వ్యాసం. ముందు ఆ కార్డు ఎలా వస్తుందో చూద్దాం, తర్వాత అది ఎక్కడ పనిచేయదో చూద్దాం.

కార్డు ఎలా వస్తుంది?

దేశమంతటికీ ఒకే కార్డు లేదు. ఏ రాష్ట్రం రూల్స్ ఆ రాష్ట్రానివే. ఉదాహరణకి ఫ్లోరిడా తీసుకుందాం. అక్కడ సరదాకి గంజాయి వాడటానికి అనుమతి లేదు. 2024లో దాని మీద ఓటింగ్ పెడితే సగం కంటే ఎక్కువ మందే సరే అన్నారు గానీ, కావాల్సిన 60 శాతం రాలేదు. కాబట్టి అక్కడ కార్డే ఏకైక దారి. వైద్యం కోసం వాడుకోవడానికి మాత్రం 2016లోనే ఓటర్లు ఒప్పుకున్నారు.

మొదటి మెట్టు నివాసం. ఫ్లోరిడాలో ఉంటున్నట్టు రుజువు చూపించాలి. ఆ రాష్ట్రం డ్రైవింగ్ లైసెన్సో, స్టేట్ ఐడీయో ఉంటే సరిపోతుంది. లేకపోతే అద్దె ఒప్పందం, కరెంటు బిల్లు లాంటివి అడుగుతారు.

రెండో మెట్టు డాక్టర్. ఏ డాక్టర్ అయినా కుదరదు. దీనికోసం ప్రత్యేకంగా కోర్సు చేసి, పరీక్ష పాసైన డాక్టరే చూడాలి. మొదటిసారి ఎదురుగా కూర్చోబెట్టి పరీక్ష చేయాలి, వీడియో కాల్ చాలదు. చట్టంలో జబ్బుల జాబితా ఉంది: క్యాన్సర్, మూర్ఛ, గ్లకోమా, హెచ్ఐవీ, పార్కిన్సన్స్, మల్టిపుల్ స్క్లెరోసిస్, క్రోన్స్ వ్యాధి, పీటీఎస్‌డీ వగైరా. వీటితో పోల్చదగ్గ జబ్బులు కూడా డాక్టర్ నిర్ణయాన్ని బట్టి లెక్కలోకి వస్తాయి. అర్హత ఉందనుకుంటే డాక్టర్ మీ పేరుని రాష్ట్ర ఆరోగ్య శాఖ నడిపే రిజిస్ట్రీలో ఎక్కిస్తాడు. ఈ రిజిస్ట్రీ అన్న మాట గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

మూడో మెట్టు అప్లికేషన్. రిజిస్ట్రీలో పేరు ఎక్కాక ఆన్‌లైన్‌లో ఫోటో, నివాసం రుజువు పెట్టి 75 డాలర్లు కట్టాలి. కార్డు ఏడాది పనిచేస్తుంది. డాక్టర్ ఇచ్చే సర్టిఫికేషన్ మాత్రం గరిష్ఠంగా 210 రోజులే. అంటే ఏడాది తిరక్కుండానే మళ్లీ డాక్టర్ దగ్గరికి వెళ్లాలి. డాక్టర్ ఫీజు వేరే. ఇన్సూరెన్స్ ఇందులో పైసా ఇవ్వదు.

చివరి మెట్టు డిస్పెన్సరీ. మనకి డిస్పెన్సరీ అంటే ఈఎస్ఐ వాళ్లదో, మునిసిపాలిటీదో చిన్న ఆసుపత్రి. అక్కడ మాత్రం ఆ మాటకి గంజాయి అమ్మే లైసెన్సు ఉన్న దుకాణం అని అర్థం. మామూలు మెడికల్ షాపులో ఇది దొరకదు.

అన్ని రాష్ట్రాలూ ఇలాగే ఉండవు. కాలిఫోర్నియాలో 21 ఏళ్లు దాటినవాళ్లకి కార్డు అక్కర్లేదు. కావాలంటే కౌంటీ ఆరోగ్య శాఖ ఇస్తుంది. దానివల్ల పెద్ద లాభం కొనేటప్పుడు సేల్స్ ట్యాక్స్ మినహాయింపు. మనవాళ్లు ఎక్కువగా ఉండే డాలస్ సంగతి చూస్తే, టెక్సాస్‌లో అసలు కార్డే లేదు. 2015లో మొదలైన ఆ రాష్ట్ర పథకంలో డాక్టరే నేరుగా రిజిస్ట్రీలో నమోదు చేస్తాడు, రోగి ఐడీ చూపించి తీసుకుంటాడు. కాబట్టి ఎవరైనా 'టెక్సాస్ మెడికల్ కార్డు' అని అమ్ముతుంటే, లేని సరుకుని అమ్ముతున్నట్టే.

డాక్టర్ రాసేది మందుల చీటీ కాదు

చాలా రాష్ట్రాల్లో డాక్టర్ ఇచ్చేది ప్రిస్క్రిప్షన్ కాదు, 'సిఫార్సు' లేదా 'సర్టిఫికేషన్'. ఇది మాటల గారడీ కాదు, దీని వెనక పెద్ద కథే ఉంది.

1996లో కాలిఫోర్నియా ఓటర్లు ప్రొపొజిషన్ 215ని గెలిపించారు. వైద్యానికి గంజాయిని అనుమతించిన మొదటి రాష్ట్రం అదే. కానీ ఫెడరల్ ప్రభుత్వం, అంటే మన లెక్కలో కేంద్రం, ఊరుకోలేదు. 1970 నాటి కంట్రోల్డ్ సబ్‌స్టాన్సెస్ చట్టం గంజాయిని అత్యంత కఠినమైన మొదటి షెడ్యూల్‌లో, హెరాయిన్ పక్కన పెట్టింది. ఆ షెడ్యూల్‌లో ఉన్నదాన్ని డాక్టర్ ప్రిస్క్రైబ్ చేయకూడదు. గంజాయి సిఫార్సు చేసే డాక్టర్ల లైసెన్సు తీసేస్తామని కేంద్రం బెదిరించింది. డాక్టర్లు, రోగులు కోర్టుకెళ్లారు. 2002లో ఫెడరల్ అప్పీల్ కోర్టు తేల్చింది ఏంటంటే, డాక్టర్ రోగికి సలహా చెప్పడం వాక్ స్వాతంత్ర్యం, దాన్ని శిక్షించకూడదు. అందుకే డాక్టర్ 'ఇది నీకు పనికిరావచ్చు' అని చెప్పి సంతకం పెడతాడు, అక్కడితో ఆగుతాడు. రాష్ట్రాల పథకాలు చాలావరకు ఆ సన్నటి సందులోంచి నడుస్తున్నాయి.

మరి రోగి సంగతి? 2005లో గొంజాలెస్ వర్సెస్ రైచ్ కేసులో అది కూడా తేలింది. కాలిఫోర్నియాకి చెందిన ఇద్దరు రోగులు, రాష్ట్ర చట్టం ప్రకారమే వాడుకుంటున్నాం, మమ్మల్ని వదిలేయండి అని అడిగారు. సుప్రీంకోర్టు 6-3 తేడాతో కుదరదంది. రాష్ట్రం ఒప్పుకున్నా, సొంతానికే వాడుకున్నా, ఫెడరల్ చట్టం కింద అది నేరమే అని చెప్పింది.

దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడని మన సామెత. ఇక్కడ అది తిరగబడింది. పూజారి వరమిచ్చేశాడు, దేవుడే ఇవ్వలేదు.

అయితే ఇన్ని దుకాణాలు ఎలా నడుస్తున్నాయి అని మీకు డౌట్ రావాలి. 2014 నుంచి అమెరికా కాంగ్రెస్ బడ్జెట్‌లో ఒక షరతు పెడుతూ వస్తోంది: రాష్ట్రాల మెడికల్ గంజాయి పథకాలని అడ్డుకోవడానికి ఫెడరల్ న్యాయ శాఖ తన డబ్బు ఖర్చు పెట్టకూడదు. చట్టం అలాగే ఉంది, దాన్ని అమలు చేసే చేతికి మాత్రం డబ్బు కట్టేశారు.

ఇప్పుడు అసలు పాయింటు. ఆ షరతు న్యాయ శాఖకే. వీసా ఇచ్చేది విదేశాంగ శాఖ. ఎయిర్‌పోర్టులో స్టాంపు వేసేది, గ్రీన్‌కార్డు చూసేది హోంల్యాండ్ సెక్యూరిటీ. వాళ్ల చేతులు ఎవరూ కట్టలేదు.

ఎఫ్-1 మీద ఉన్నవాళ్లకి ఏమవుతుంది?

అమెరికా పౌరుడికీ మనకీ తేడా ఇక్కడే. ఇమ్మిగ్రేషన్ చట్టం మొత్తం ఫెడరల్. అందులో 'కంట్రోల్డ్ సబ్‌స్టాన్స్' అంటే ఫెడరల్ జాబితాలో ఉన్నదే. రాష్ట్రం ఏమందో దానికి అనవసరం.

ఆ చట్టం ప్రకారం డ్రగ్ నేరంలో శిక్ష పడితేనే కాదు, శిక్ష పడకపోయినా ఆ నేరం చేశానని అధికారి ముందు ఒప్పుకున్నా దేశంలోకి రానివ్వకపోవచ్చు. వీసా కోసం నింపే డీఎస్-160 ఫారంలోనే, కంట్రోల్డ్ సబ్‌స్టాన్స్ చట్టాలని ఎప్పుడైనా ఉల్లంఘించారా అన్న ప్రశ్న ఉంది. సెలవులకి ఇంటికొచ్చి స్టాంపింగ్‌కి వెళ్లినప్పుడు ఆ ప్రశ్న మళ్లీ ఎదురవుతుంది. కార్డు ఉన్నవాడు 'అవును' అంటే ఒప్పుకున్నట్టు. 'కాదు' అని తర్వాత దొరికితే, అబద్ధం చెప్పి వీసా తీసుకోవడం ఇంకో పెద్ద తప్పు. ముందు నుయ్యి, వెనక గొయ్యి అంటే ఇదే.

దొరకడం ఎలా అంటారా? పర్సులో కార్డు, ఫోన్‌లో డిస్పెన్సరీ రసీదు, ఇన్‌స్టాలో పెట్టిన ఒక్క ఫోటో చాలు. 2025 జూన్ నుంచి స్టూడెంట్ వీసాకి అప్లై చేసేవాళ్లు సోషల్ మీడియా ఖాతాలు అందరికీ కనిపించేలా ఉంచాలని విదేశాంగ శాఖ అడుగుతోంది.

ఇప్పటికే దేశంలో ఉన్నవాళ్లకి ఒక చిన్న మినహాయింపు ఉంది. సొంత వాడకానికి 30 గ్రాములు, అంతకంటే తక్కువ గంజాయి ఉంచుకున్నందుకు ఒక్కసారి శిక్ష పడితే, దాని మీద దేశం నుంచి పంపించేయరు. కానీ అది పంపించే విషయంలోనే. బయటికెళ్లి తిరిగొచ్చేటప్పుడు ఆ 30 గ్రాముల రూలు అదే రక్షణ ఇవ్వదు. ఈ తేడా తెలియకే చాలామంది 'కొంచెమే కదా' అనుకుంటారు.

గ్రీన్‌కార్డు వచ్చిన అన్నయ్యలకి, అక్కలకి కూడా ఇది వర్తిస్తుంది. రాష్ట్రంలో లీగల్ అయినా సరే, గంజాయి వాడకం పౌరసత్వానికి కావాల్సిన 'మంచి నడవడిక'కి అడ్డొస్తుందని 2019 ఏప్రిల్‌లో ఇమ్మిగ్రేషన్ శాఖ స్పష్టంగా చెప్పింది. వాడటమే కాదు, గంజాయి పరిశ్రమలో ఉద్యోగం చేసినా ఇబ్బందే అంది. ఓపీటీలో అలాంటి కంపెనీ నుంచి ఆఫర్ వస్తే, జీతం కంటే ముందు ఈ విషయం ఆలోచించాలి.

షెడ్యూల్ మారిస్తే? గంజాయిని మొదటి షెడ్యూల్ నుంచి మూడో షెడ్యూల్‌కి మార్చాలని 2024 మేలో న్యాయ శాఖ ప్రతిపాదించింది. కానీ మూడో షెడ్యూల్‌లో ఉన్నది కూడా కంట్రోల్డ్ సబ్‌స్టాన్సే. ఇమ్మిగ్రేషన్ చట్టం అన్ని షెడ్యూళ్లనీ ఒకే గాటన కడుతుంది. కాబట్టి ఆ వార్త చూసి తొందరపడకండి.

క్యాంపస్, ఉద్యోగం, ప్రయాణం

ఫెడరల్ నిధులు తీసుకునే యూనివర్సిటీలు క్యాంపస్‌లో డ్రగ్స్‌ని నిషేధించాలని 1989 నాటి చట్టం ఉంది. అందుకే కార్డు ఉన్నా డార్మ్‌లో వాడకూడదు.

ఉద్యోగం విషయంలో కొన్ని రాష్ట్రాలు కార్డు ఉన్నవాళ్లకి రక్షణ ఇస్తాయి, కొన్ని ఇవ్వవు. కొలరాడోలో బ్రాండన్ కోట్స్ అనే ఆయనకి కారు ప్రమాదం వల్ల కాళ్లూ చేతులూ పడిపోయాయి. కండరాలు బిగుసుకుపోతుంటే రాష్ట్ర అనుమతితో, ఇంటి దగ్గరే గంజాయి వాడేవాడు. డ్రగ్ టెస్టులో తేలిందని డిష్ నెట్‌వర్క్ తీసేసింది. 2015లో రాష్ట్ర సుప్రీంకోర్టు కంపెనీ వైపే నిలిచింది. ఫెడరల్ చట్టం కింద నేరమైన పనిని 'చట్టబద్ధమైన పని' అనలేమని చెప్పింది. అంతటి జబ్బున్న, ఆ దేశపు మనిషికే అలా జరిగింది.

ఇక ప్రయాణం. రెండు రాష్ట్రాల్లోనూ లీగల్ అయినా, ఒక రాష్ట్రం నుంచి ఇంకో రాష్ట్రానికి గంజాయి తీసుకెళ్లడం ఫెడరల్ నేరం. మన దేశానికి తేవడం మాట చెప్పనే అక్కర్లేదు. 1985 నాటి ఎన్‌డీపీఎస్ చట్టం కింద చిన్న మొత్తానికి కూడా ఏడాది వరకు కఠిన జైలు శిక్షో, 10,000 రూపాయల వరకు జరిమానానో, రెండూనో పడొచ్చు. ఫ్లోరిడా కార్డు శంషాబాద్ ఎయిర్‌పోర్టులో మామూలు ప్లాస్టిక్ ముక్క.

నిజంగా జబ్బు ఉంటే?

ఇది భయపెట్టడానికి రాసింది కాదు. గంజాయిలో వైద్య గుణం లేదనీ కాదు. పెద్దవాళ్లలో దీర్ఘకాలిక నొప్పికి, కీమోథెరపీ వాంతులకి, మల్టిపుల్ స్క్లెరోసిస్‌లో కండరాల బిగుతుకి పనిచేస్తుందనడానికి తగిన ఆధారాలు ఉన్నాయని 2017లో అమెరికా నేషనల్ అకాడమీస్ నివేదిక చెప్పింది. ఎక్కువగా వాడేవాళ్లలో మానసిక వ్యాధుల ముప్పు పెరుగుతుందని కూడా అదే నివేదికలో ఉంది.

మనకి పనికొచ్చే విషయం ఏంటంటే, దేవుడు కూడా ఒప్పుకున్న మందులు కొన్ని ఉన్నాయి. గంజాయిలోని టీహెచ్‌సీనే ల్యాబ్‌లో తయారుచేసిన డ్రొనాబినాల్‌కి 1985లో ఎఫ్‌డీఏ అనుమతి వచ్చింది. కీమో వాంతులకి ఇస్తారు. మొక్క నుంచి తీసిన సీబీడీతో చేసిన ఎపిడియోలెక్స్‌కి 2018లో అనుమతి వచ్చింది. పిల్లల్లో వచ్చే కొన్ని తీవ్రమైన మూర్ఛలకి వాడతారు. ఇవి మామూలు ప్రిస్క్రిప్షన్‌తో ఫార్మసీ ద్వారా దొరుకుతాయి. వీటికి ఏ కార్డూ అక్కర్లేదు, ఏ ఇమ్మిగ్రేషన్ అధికారికీ జడవక్కర్లేదు.

నిద్ర పట్టడం లేదా, నొప్పి తగ్గడం లేదా, దిగులుగా ఉందా? ముందు యూనివర్సిటీ హెల్త్ సెంటర్‌కి వెళ్లండి. అక్కడ కౌన్సెలింగ్ కూడా ఉంటుంది. ఒక డాక్టర్ కార్డు గురించి ఎత్తితే, "నేను ఈ దేశ పౌరుణ్ణి కాదు, వేరే మందు ఏదైనా ఉందా?" అని మొహమాటం లేకుండా అడగండి. గంజాయి కార్డుల డాక్టర్‌కి వైద్యం తెలుసు, వీసా రూల్స్ తెలియాలని లేదు. ఇప్పటికే కార్డు తీసుకున్నవాళ్లు మాత్రం కొత్త ఫారం ఏది నింపే ముందైనా, ఇండియాకి టికెట్ బుక్ చేసే ముందైనా, ఇమ్మిగ్రేషన్ లాయర్‌తో ఒక గంట మాట్లాడండి. రిజిస్ట్రీలో పేరు ఎక్కించుకునే ముందే ఆ గంట మాట్లాడి ఉంటే ఇంకా మంచిది.