ఇంటి అప్పు – అసలు ఖరీదు

కిందటేడాది ఒక కథా కార్యశాలలో ఒక కొత్త రచయిత్రి తన కథ చదివి వినిపించారు. కథానాయకుడు ఒక గుమాస్తా. ఇరవయ్యేళ్ల గడువు మీద, 9 శాతం వడ్డీకి 30 లక్షలు అప్పు తెచ్చి ఇల్లు కొన్నాడు. పదేళ్లు ఒక్క వాయిదా తప్పకుండా కట్టాడు. అప్పుడు ఉద్యోగం పోయింది. ఆ రాత్రి భార్యతో అంటాడు: "దిగులు పడకు, సగం అప్పు తీరిపోయింది కదా!" ఆ ధైర్యం మీదనే కథ ముగింపు దాకా నడుస్తుంది.

భాష బాగుంది. పాత్రలు మనకు తెలిసిన మనుషుల్లాగే ఉన్నాయి. చర్చలో పాల్గొన్నవాళ్లం ముగింపులోని ఆశావాదం సహజంగా ఉందా, రచయిత్రి కోరి తెచ్చిపెట్టిందా అని గంటసేపు వాదించుకున్నాం. ఆ "సగం" అన్న మాట నిజమేనా అని ఒక్కరమూ అడగలేదు. అధ్యక్ష స్థానంలో కూర్చున్న నేనూ అడగలేదు. నేనే ఒకనాటి రుణగ్రస్తుణ్ణి. నా వాయిదాలు ఎటు పోయాయో ఎన్నడూ లెక్క చూసుకోలేదు. ఇంటికి వచ్చాక కాగితం, పెన్సిలు ముందేసుకుని లెక్క వేశాను. ఆ లెక్కను ఇక్కడ రచయితల ముందు పెట్టడమే ఈ వ్యాస ఉద్దేశం.

ఆ గుమాస్తా నెలవారీ వాయిదా 26,992 రూపాయలు. పదేళ్లలో అతను కట్టింది 32 లక్షల 39 వేలు. తెచ్చిన అప్పు కంటే ఎక్కువే. అయినా పదేళ్ల చివర అతని బాకీ ఇంకా 21 లక్షల 31 వేలు. అసలులో తీరింది 8 లక్షల 69 వేలు మాత్రమే. మూడో వంతు కూడా కాదు. సగం అసలు తీరేది పద్నాలుగో ఏడు చివర. భార్యకు అతను చెప్పిన ధైర్యంలో కపటం లేదు, కానీ నిజమూ లేదు. ఆ సంగతి అతనికి తెలియదు. పాఠకుడికి తెలియదు. విషాదమేమంటే రచయిత్రికీ తెలియదు.

ఇలా ఎందుకు జరుగుతుంది? ఇందులో మాయ లేదు. పల్లెలో ప్రోనోటు వెనక చెల్లు రాసేటప్పుడు ఏ పద్ధతి పాటించేవారో బ్యాంకుదీ అదే పద్ధతి: వచ్చిన సొమ్ము ముందు వడ్డీకి జమ, మిగిలింది అసలుకి జమ. 9 శాతమంటే నెలకు నూటికి ముప్పావలా. 30 లక్షల మీద మొదటి నెల వడ్డీ 22,500. గుమాస్తా కట్టిన 26,992లో అది పోగా అసలుకి చేరింది 4,492. రెండో నెల వడ్డీ ముప్పై మూడు రూపాయలు తగ్గుతుంది, అసలుకి చేరేది ఆ మేరకు పెరుగుతుంది. ఏళ్ల తరబడి ఈ నత్తనడకే. వాయిదాలో వడ్డీ కంటే అసలు వాటా ఎక్కువయ్యే రోజు రావడానికి పన్నెండేళ్లు దాటుతుంది. మొత్తం ఇరవయ్యేళ్లకు కట్టేది 64 లక్షల 78 వేలు. అందులో వడ్డీ 34 లక్షల 78 వేలు.

ముప్పావలా వడ్డీ అంటే మా నాయనమ్మ ధర్మవడ్డీ అనేది. నూటికి రెండు రూపాయలు, మూడు రూపాయలు వడ్డీ కట్టి కుంగిపోయిన రైతుల గురించి మన సాహిత్యంలో కథలకు కొదవ లేదు. అందుకే షావుకారును గుర్తుపట్టడం మనకు అలవాటైంది. అతనికి ఒక ముఖం ఉంది, గొంతు ఉంది, గుమ్మంలో వినిపించే చెప్పుల చప్పుడు ఉంది. ఈ కొత్త అప్పుకు అవేవీ లేవు. వడ్డీ రేటు తక్కువ, రసీదు పక్కా, మాట మర్యాద. మరి 30 లక్షలు 64 లక్షలకు పైగా ఎట్లా అయింది? గడువు వల్ల. షావుకారు రేటు పెంచి తీసుకున్నదాన్ని ఈ అప్పు కాలాన్ని సాగదీసి తీసుకుంటుంది. ఈ ఒక్క విషయం గ్రహిస్తే తక్కిన లెక్కలన్నీ వాటంతట అవే తెలుస్తాయి.

అదే 30 లక్షలను అదే రేటుకు పదిహేనేళ్లలో తీరిస్తే వాయిదా 30,428. మొత్తం వడ్డీ సుమారు 24 లక్షల 77 వేలు. ముప్పయ్యేళ్లకు సాగదీస్తే వాయిదా 24,139కి దిగుతుంది. వడ్డీ మాత్రం 56 లక్షల 90 వేలకు ఎక్కుతుంది. "వాయిదా తక్కువ చేయించాం సార్" అని చెప్పే ఏజెంటు అబద్ధం ఆడటం లేదు. ఇరవయ్యేళ్లను ముప్పయ్యేళ్లు చేసి నెలకు 2,853 రూపాయలు తగ్గించినందుకు 22 లక్షలు అదనంగా తీసుకుంటున్నామన్న సగం నిజాన్ని చెప్పడం లేదు, అంతే.

కాలమే ఖరీదు గనుక ముందుగా కట్టిన రూపాయికి బలం ఎక్కువ. ఆ గుమాస్తా మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టి, వాయిదాను మార్చకుండా ఉంచి ఉంటే చివరి పందొమ్మిది వాయిదాలు, అంటే 5 లక్షలకు పైగా, కట్టే పని తప్పేది. అదే లక్షను పదిహేనో ఏడు చివర కడితే తప్పేది ఆరు నెలల లోపే. మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పును ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012లోనే రిజర్వు బ్యాంకు ఆదేశించింది. కానీ మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు ఎవరి దగ్గర ఉంటాయి? సామాన్లు, రిజిస్ట్రేషన్, గృహప్రవేశం, చేబదుళ్లు అన్నీ మీద పడేది అప్పుడే. "ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు" అని ఊరికే అనలేదు.

ఇక నా సంగతి. 2006లో, నలభై ఒకటో ఏట, ఒక ప్రైవేటు కళాశాలలో అధ్యాపకుడిగా ఉంటూ విజయవాడలో చిన్న ఫ్లాటు కొన్నాను. అప్పు 12 లక్షలు, గడువు ఇరవయ్యేళ్లు, మారే వడ్డీ, మొదట 8.5 శాతం. వాయిదా 10,414. రెండేళ్లకు వడ్డీ 10 శాతమైంది. బ్యాంకు నుంచి ఉత్తరం వచ్చింది. అందులో మీ వాయిదాలో మార్పు లేదని ఉంది. సంతోషించాను. గడువు ఎంతయిందో చెప్పే వాక్యం కూడా అందులో ఉంది. నేను చదవలేదు. విద్యార్థులకు వాక్య విశ్లేషణ నేర్పేవాణ్ణి, నా జీవితానికి సంబంధించిన వాక్యాన్ని దాటవేశాను. మిగిలిన పద్దెనిమిదేళ్లు పాతికేళ్ల పైచిలుకు అయ్యాయని కొంతకాలం తర్వాత తెలిసింది. అరవై ఒకటో ఏట తీరవలసిన అప్పు అరవై ఎనిమిదో ఏటికి జరిగింది. నా పదవీ విరమణ యాభై ఎనిమిదికి.

ఇది నా ఒక్కడి అనుభవం కాదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 శాతం నుంచి 6.5కి పెంచింది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే మారే వడ్డీ ఇంటి రుణాలు ఇటువంటి బయటి ప్రమాణానికి ముడిపడి ఉన్నాయి. కనుక పెరిగిన రెండున్నర శాతం నేరుగా రుణగ్రస్తుల మీద పడింది. 7 శాతానికి ఇరవయ్యేళ్ల అప్పు తీసుకుని రెండేళ్లు కట్టినవాడికి వడ్డీ 9.5 అయిందనుకోండి. వాయిదా పెంచకపోతే ఆ అప్పు తీరడానికి ఇంకా సుమారు 37 ఏళ్లు పడుతుంది! వడ్డీ రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవాలో, గడువు పెంచుకోవాలో, రెండూ కొంత కొంత పెంచుకోవాలో ఎంచుకునే అవకాశం రుణగ్రస్తుడికి ఇవ్వాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు చెప్పింది. 2024 అక్టోబరు 1 తర్వాత మంజూరైన రుణాలకు అన్ని ఖర్చులూ కలిపిన వార్షిక శాతాన్ని, వాయిదాల పట్టికను ముఖ్యాంశాల పత్రంలో చూపాలి. ఆ పత్రం రుణగ్రస్తుడికి అర్థమయ్యే భాషలో ఉండాలి. తెలుగు రచయితలుగా మనం ఈ చివరి మాటను గట్టిగా పట్టుకోవాలి. తెలుగులో అడిగి తీసుకోవడం మన హక్కు. భాషోద్యమమంటే బోర్డుల మీది అక్షరాల గొడవ ఒక్కటే కాదు.

ఎదుటివాదాన్ని కూడా న్యాయంగా చూడాలి. ఇల్లు కొనకపోయినా అద్దె కట్టక తప్పదు కదా, ఇంటి విలువ పెరుగుతుంది కదా అంటారు. ఆ మాటల్లో నిజం ఉంది. ధరలు ఏటా 6 శాతం పెరిగితే ఇరవయ్యేళ్ల తర్వాత కట్టే 26,992 నేటి 8,400తో సమానమనీ అంటారు. అదీ నిజమే. కానీ ఎవరికి? ధరలతోపాటు జీతం పెరిగేవాడికి. కరువు భత్యం ఉన్న ఉద్యోగికి కాలం వాయిదాను తేలిక చేస్తుంది. కాంట్రాక్టు అధ్యాపకుడికి, పదేళ్లుగా ఒకే జీతం మీద ఉన్న దుకాణం గుమాస్తాకు అదే కాలం మరింత బరువవుతుంది. పన్ను మినహాయింపు మాటా అంతే. పాత పన్ను విధానంలో, సొంతంగా కాపురముండే ఇంటి అప్పు వడ్డీకి ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు ఉంది. పన్ను కట్టేంత ఆదాయం లేనివాడికి దానితో పని లేదు. కొత్త విధానం ఎంచుకున్నవాడికి అది వర్తించదు. ఒకే వాయిదా, ఒకే రేటు, ఇద్దరు మనుషులకు రెండు ఖరీదులు. వర్గ దృష్టి అంటే ఈ తేడాను చూడగలగడమే.

ఇంకొక ఖరీదు ఉంది. అది ఏ పట్టికలోనూ కనబడదు. 2011లో మా కళాశాల యాజమాన్యం వరుసగా రెండు నెలలు జీతాలు ఆపింది. సహోద్యోగులు కార్మిక శాఖకు అర్జీ రాశారు. పదకొండు మంది సంతకం చేశారు. కాగితం నా బల్ల మీదికీ వచ్చింది. ప్రతి నెలా 5వ తేదీ నా వాయిదా రోజు. వాయిదా గడువు మీరి తొంభై రోజులు దాటితే ఖాతా నిరర్థకమవుతుందనీ, ఆ తర్వాత అరవై రోజుల నోటీసుతో, కోర్టు తీర్పు కోసం చూడకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే అధికారం 2002 నాటి సర్ఫేసి చట్టం బ్యాంకుకు ఇచ్చిందనీ నాకు తెలుసు. అప్పు లెక్క చదవనివాణ్ణి ఆ షరతు మాత్రం చదివాను. "రేపు చూద్దాం" అన్నాను. రేపు సంతకం చేయలేదు. ఆ పదకొండు మందిలో ముగ్గురి ఉద్యోగాలు పోయాయి. ఆ నెలలోనే నేను శ్రామిక చైతన్యం గురించి ఒక సాహిత్య సభలో ఉపన్యసించాను. ఇది ఇంతకాలం ఎవరికీ చెప్పలేదు.

కార్మికుడికి సొంత ఇల్లు ఇప్పిస్తే సమస్య తీరుతుందన్న వాదాన్ని ఎంగెల్స్ 1872–73లో నివాస సమస్య మీద రాసిన వ్యాసాల్లో ఖండించారు. తాకట్టు అప్పుతో ఇల్లు సంపాదించిన కార్మికుడు ఆ ఇంటికే కట్టుబడి, వేరే చోటికి కదలలేక, యజమాని పెట్టిన షరతులకు తలవంచవలసి వస్తుందని ఆయన వాదన. విద్యార్థి దశలో ఈ వాదాన్ని పరీక్ష కోసం చదివాను. నలభై ఆరో ఏట నా బల్ల మీది అర్జీ ముందు అది అర్థమైంది.

నేను ఇల్లు కొనవద్దనడం లేదు. తలదాచుకునే చోటు కోరుకోవడం తప్పు కాదు. 2023లో భవిష్యనిధి సొమ్ముతో నా బాకీ తీర్చి దస్తావేజులు తెచ్చుకున్నాను. ఈ వ్యాసం ఆ ఇంట్లోనే కూర్చుని రాస్తున్నాను. నేనంటున్నది, అప్పు పత్రం మీద సంతకం పెట్టేముందు వాయిదా ఎంతని ఒక్కటే అడిగి ఊరుకోకూడదని. మొత్తం ఎంత, ఎన్నేళ్లు, రేటు పెరిగితే పెరిగేది వాయిదానా గడువా, అయిదేళ్లకు బాకీ ఎంత ఉంటుంది అన్న నాలుగు ప్రశ్నలు కూడా అడగాలి.

రచయితకు అయిదో ప్రశ్న కూడా ఉంది: ఈ అప్పు నా పాత్రను ఏం చేయనివ్వడం లేదు? వాస్తవికత అంటే మాండలికం, వేషభాషలు సరిగ్గా రాయడంతో సరిపోదు. పాత్ర జేబులోంచి ఏ తేదీన ఎంత పోతోంది, అది ఎక్కడికి చేరుతోంది అన్నది కూడా తెలియాలి. ముఖం లేని ఈ షావుకారును చూపించడానికి ఆ లెక్క తప్ప మనకు వేరే దారి లేదు.

ఆ రచయిత్రికి ఉత్తరం రాశాను. కథలో ఆశను తీసేయమని అడగలేదు. ఆ రాత్రి భార్య వాయిదాల పట్టిక తీసి, "సగం కాదండీ, మూడో వంతు కూడా తీరలేదు" అని చెబితే ఆ ఇద్దరూ ఏం చేస్తారో ఆలోచించమని అడిగాను. ఆమె కథను తిరగరాస్తున్నారు.