మీకు తెలుసా? మలయాళుల ‘ఊర్వశి’ మన తెనాలి అమ్మాయే!

తెనాలిలో పుట్టిన సరస్వతీదేవే నటి శారద. అందం, ఆటపాటలకే పరిమితమైన నాయికల కాలంలో ఆమె మలయాళ తెరపై సాహసమైన పాత్రలకు ప్రాణం పోశారు.

● తులాభారం (1968): పేదరికానికి తాళలేక కన్నబిడ్డలకు విషమిచ్చి, కోర్టు బోనెక్కిన తల్లి. దీనికే జాతీయ ఉత్తమ నటిగా ఆమెకు తొలి ‘ఊర్వశి’ పురస్కారం.

● స్వయంవరం (1972): దర్శకుడు ఆదూర్ గోపాలకృష్ణన్ తొలి కథాచిత్రం. ప్రేమించినవాడితో ఇల్లు విడిచిన సీత, అతను పోయాక చంటిబిడ్డతో ఒంటరిగా మిగిలి, గడియపెట్టిన తలుపు వంకే చూస్తుంది. రెండో ‘ఊర్వశి’ దీనికే.

● ఎలిప్పత్తాయం (1981): అన్న చాకిరీలోనే వయసు కరిగిపోయిన అవివాహిత రాజమ్మ.

మూడో జాతీయ పురస్కారం మాత్రం తెలుగు ‘నిమజ్జనం’ తెచ్చింది. 1996లో తెనాలి ప్రజలు ఆమెను లోక్‌సభకు పంపారు. మన తెనాలి ఆడపడుచు నటనలోని ధైర్యాన్ని ఈ తరం తప్పక చూడాలి.