హైకోర్టు చరిత్రము - దాని చోటు

గట్టు తగవు ఊరి దగ్గరి చిన్న కోర్టులోనే తీరినచో రైతునకు హైకోర్టుతో పనిలేదు. కాని భూమి వ్యాజ్యము పుట్టినచోట నిలుచునది కాదు. పూర్వము మునసబు కోర్టనబడిన చిన్న కోర్టునుండి జిల్లా కోర్టునకును, అచ్చటినుండి హైకోర్టునకును ప్రాకును. కావున హైకోర్టు ఏ యూర నుండవలెనను ప్రశ్న వకీళ్లకు మాత్రమే సంబంధించినది కాదు. ఆంధ్రదేశమున ఈ ప్రశ్న రెండు శతాబ్దములనాటిది, నేటికిని తెగలేదు.

మొదట అప్పీలు కోర్టు మనకు దగ్గరనే యుండెను. 1802లో కుంపిణీవారు చెన్నపురి రాజధానియందు జిల్లా కోర్టులను నెలకొల్పినపుడు, వానిపై నాలుగు ప్రాంతీయ అప్పీలు కోర్టులను గూడ నేర్పరచిరి. అందొకటి మచిలీపట్టణమునను, మరియొకటి చిత్తూరునను ఉండెను. వీనిపైని సదరదాలతు చెన్నపురియందుండెను. 1843లో ఈ ప్రాంతీయ కోర్టులు రద్దయ్యెను. 1862లో సదరదాలతును, 1801నాటి సుప్రీముకోర్టును ఏకమై మద్రాసు హైకోర్టు వెలసెను. అది మొదలు 92 ఏండ్లపాటు కోస్తావారును సీమవారును అప్పీలు కట్టలు చంకబెట్టుకొని చెన్నపురికి పోవలసినవారైరి. దానిపైని లండనులోని ప్రీవీకౌన్సిలు. పిఠాపురము జమీందారీ వ్యాజ్యము 1899లో అక్కడనే తేలినది. అవిభాజ్యమైన జమీనును జమీందారు వీలునామా మూలమున నీయవచ్చునా యను చిక్కు గోదావరి తీరమున బుట్టి థేమ్సు తీరమున విడివడుట ఆనాటి న్యాయపు దూరమునకు మంచి కొలత. ప్రీవీకౌన్సిలుతో మన సంబంధము 1949లో ముగిసెను.

ఆంధ్రరాష్ట్రమును గోరిన పెద్దలు హైకోర్టు మాటను మరువలేదు. 1937 నవంబరు 16న కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారి యింట కుదిరిన శ్రీబాగ్ ఒడంబడికలో రాజధానియు హైకోర్టును ఒక్కచోట నుండరాదనియు, కోస్తాకొకటి రాయలసీమకొకటి దక్కవలెననియు, ముందుగా కోరుకొను హక్కు సీమవారిదనియు వ్రాసికొనిరి. 1953లో రాష్ట్రము వచ్చినపుడు రాజధాని కర్నూలు పాలయ్యెను. ఆ లెక్కన హైకోర్టు 1954 జూలై 5న గుంటూరున వెలసెను. కోకా సుబ్బారావుగారు ప్రథమ ప్రధాన న్యాయమూర్తి. 1966లో వారే భారత ప్రధాన న్యాయమూర్తులైరి. గుంటూరి భాగ్యము మాత్రము రెండేండ్ల నాలుగు నెలలే. 1956 నవంబరులో ఆంధ్రప్రదేశము ఏర్పడగా రాజధానియు హైకోర్టును రెండును హైదరాబాదు చేరినవి. ఒడంబడికలోని తూకము ఆ దినముతో చెడినది. సీమకు రాజధాని పోయెను, హైకోర్టును రాలేదు.

హైదరాబాదున అంతకుముందే మూసీ యొడ్డున 1920నుండి హైకోర్టు భవనము గలదు. అచ్చట న్యాయవ్యవహారము ఉర్దూలో సాగెడిది. నిజాము 1921లోనే న్యాయశాఖను కార్యనిర్వాహక శాఖనుండి వేరుచేసెను. కాంగ్రెసువారు బ్రిటిషు ఇండియాలో ఏండ్లతరబడి యడిగియు పొందని సంస్కారమిది. నిజాము పాలనను మెచ్చనివారును ఈ సంగతిని ఒప్పుకొనక తప్పదు.

ఇక కోర్టు నిర్మాణము. మద్రాసు, బొంబాయి, కలకత్తా హైకోర్టులవలె నగరపు సివిలు దావాలను మొదటనే విచారించు శాఖ మన హైకోర్టున కెన్నడును లేదు. అప్పీళ్లు, రివిజనులు, రిట్లు - ఇవియే దాని జీవనము. మొదటి అప్పీలున సాక్ష్యమును న్యాయమును రెంటిని తిరిగి తూచవచ్చును. రెండవ అప్పీలు వేరు. 1976 సవరణ తరువాత గణనీయమైన న్యాయప్రశ్న యున్నగాని దానిని స్వీకరింపరు. పొలము ఎవరి స్వాధీనమున నున్నదను సంగతి సాధారణముగ జిల్లాలోనే తేలిపోవలెను. దీని నెరుగక ఎందరో రైతులు హైకోర్టున సాక్షులను మరల పిలిపింతురని యాసపడి పొలము కుదువబెట్టుదురు. ఏకసభ్య ధర్మాసనము రిట్టుపై నిచ్చిన తీర్పును ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనము మరల విచారింపవచ్చును. సెషన్సు కోర్టు విధించిన మరణశిక్ష హైకోర్టు ధ్రువపరచిన గాని అమలు కాదు. క్రింది కోర్టులన్నియు దీని పర్యవేక్షణలోనివి. ఇన్నిటికిని భాష ఇంగ్లీషు! తెలుగు దస్తావేజు సైతము అనువాదమై గాని న్యాయమూర్తి కంట బడదు. 2023లో తెలంగాణ హైకోర్టు తీర్పొకటి తెలుగున వెలువరింపగా పత్రికలు వింతగా ప్రకటించెను. అది వింత యగుటయే చింతింపదగిన విషయము.

2014లో రాష్ట్రము చీలినను కోర్టు నాలుగేండ్లకు పైగా ఉమ్మడిగనే నిలిచెను. 2018 డిసెంబరు 26న రాష్ట్రపతి యుత్తరువు వెలువడెను. 2019 జనవరి 1నాటికే కోర్టు వేరుపడెను. వారము గడువైన లేకుండ వ్యాజ్యముల కట్టలు లారీల కెక్కవలసి వచ్చెను. 61 న్యాయమూర్తి పదవులలో 37 ఆంధ్రకును, 24 తెలంగాణకును పంచిరి. తెలంగాణ సంఖ్య 2021లో 42 అయ్యెను. ఆంధ్ర కోర్టు మొదట విజయవాడలో తాత్కాలికముగ గూర్చుండి, పిదప అమరావతిలోని నేలపాడు చేరెను.

ఇట్లు రాజధానియు హైకోర్టును మరల ఒకేచోట, కోస్తాలోనే కుదిరెను. కర్నూలున హైకోర్టు నుంచుదుమని 2020లో చేసిన చట్టము 2021లో రద్దయ్యెను. కర్నూలున ధర్మాసనము కావలెనని 2024 నవంబరులో శాసనసభ తీర్మానించెను. అనంతపురపు కక్షిదారు అమరావతికి నాలుగువందల కిలోమీటరులకు పైగా ప్రయాణము చేయవలెను. వాయిదా పడినచో ఆ ఖర్చు మరల మొదటికే. మదురై 2004లోనే తన ధర్మాసనమును సంపాదించుకొన్నది. కన్నడ రాష్ట్రమున ధార్వాడకును, కలబురగికిని 2013లో స్థిర ధర్మాసనములు వచ్చినవి. మనకును దారి మూసికొనిపోలేదు. గవర్నరు ఆమోదముతో ప్రధాన న్యాయమూర్తి ఇతర స్థలములందును న్యాయమూర్తులను గూర్చుండ బెట్టవచ్చునని 2014 చట్టపు 31వ సెక్షనే చెప్పుచున్నది.

అయితే ధర్మాసనమనగా ఏడాదికి కొన్ని వారములు న్యాయమూర్తులు వచ్చి పోవుట కాదు. అప్పీలు దాఖలు చేయు కచేరీ, నకళ్లిచ్చు గుమాస్తాలు, స్టే కోరిన నాడే విను న్యాయమూర్తి కర్నూలుననే యుండవలెను. అవి లేనిచో సీమ రైతు కర్నూలు మీదుగా అమరావతి రైలే యెక్కవలసియుండును.