తక్కువ ఖర్చుతో గాలిని శుద్ధి చేయు పెట్టె

గ్రామ పంచాయతీ సమావేశములలో త్రాగునీరు, మురుగుకాలువలు, వీధిదీపములు, దారులు తప్పక చర్చకు వచ్చును. గాలి విషయము మాత్రము అరుదుగా వచ్చును. నీరు చెడినచో రంగు తెలుపును. కాలువ పూడినచో వాసన తెలుపును. గాలి చెడిన సంగతి చాలకాలము వరకు మనకు తెలియనే తెలియదు. మనిషి దినమునకు త్రాగు నీరు రెండు మూడు లీటర్లు. పీల్చు గాలియో సుమారు 11,000 లీటర్లు. నీటిని వడకట్టి త్రాగుటకు అలవాటుపడిన మనము గాలిని గూర్చియు కొంత ఆలోచింపవలసి యున్నది.

కొన్ని నెలల క్రిందట శాఖాపరమైన పనిమీద ఒక గ్రామమునకు పోయి, అక్కడి అంగన్‌వాడీ గదిని చూచితిని. గదికి తూర్పున ధాన్యపు మిల్లు ఉన్నది. వంట గదిలోనే ఒక మూల కట్టెల పొయ్యిమీద జరుగుచున్నది. మిల్లు దుమ్ము లోనికి రాకుండుటకై కార్యకర్త కిటికీలు మూయును. మూసినంతనే పొయ్యి పొగ లోపలనే నిలిచిపోవును. తెరచినను మూసినను పిల్లలకు దగ్గు తప్పుట లేదు. అప్పుడు సర్పంచి గారు నన్నిట్లు అడిగిరి: “ఏమండీ, పట్టణంలో గాలిని శుభ్రం చేసే యంత్రం ఇరవై వేలకు దొరుకుతుందట. అది పెడితే కిటికీలు తెరవనక్కర లేదట. పంచాయతీ సొమ్ముతో కొనమంటారా?”

ఆమె ప్రశ్న సమంజసమైనది. నాడు చెప్పిన సమాధానమునే ఇతర గ్రామముల సభ్యుల ఉపయోగార్థము ఇచట వివరముగా వ్రాయుచున్నాను.

పొగలో నున్నదేమి?

మిల్లీమీటరులో వేయవ వంతును మైక్రాను అందురు. మన తలవెంట్రుక మందము సుమారు 70 మైక్రానులు. ఊక పొట్టు, వీధి దుమ్ము వంటి పెద్ద కణములను ముక్కు, గొంతు చాలవరకు ఆపును. 2.5 మైక్రానులకు మించని కణములను ముక్కు ఆపజాలదు. అవి ఊపిరితిత్తుల అడుగుదాక పోవును. వానిలో మిక్కిలి చిన్నవి రక్తములో సైతము చేరగలవు. వీనినే శాస్త్రజ్ఞులు పి.ఎం. 2.5 అని వ్యవహరింతురు. కట్టెలు, పిడకలు, గడ్డి, చెత్త కాలునపుడు లేచు పొగలో ఇట్టి కణములు మెండుగా నుండును.

2009లో ప్రకటింపబడిన మన జాతీయ ప్రమాణముల ప్రకారము, ఒక ఘనపు మీటరు గాలిలో ఈ కణములు 24 గంటల సగటున 60 మైక్రోగ్రాములను మించరాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో సూచించిన హద్దు ఇంకను తక్కువ. అది 15 మాత్రమే. బయటి గాలిలోని కాలుష్యము క్యాన్సరుకు కారకమని ఆ సంస్థకు చెందిన క్యాన్సరు పరిశోధన విభాగము 2013లో నిర్ణయించినది. పిల్లలు పెద్దలకన్న వేగముగా శ్వాసింతురు. వారి ఊపిరితిత్తులు ఇంకను ఎదుగుచుండును. వంటపొగ అయిదేండ్లలోపు పిల్లలకు న్యుమోనియా ప్రమాదమును పెంచునని వైద్యులు హెచ్చరించుచున్నారు. కావున ఊరిలో మొట్టమొదట శుభ్రమైన గాలి అందవలసిన చోటు అంగన్‌వాడీ గదియే.

ముందు పొగను ఆపవలెను

బావిలో మురుగు పడుచుండగా నీటిని వడకట్టుచు కూర్చుండుట వివేకము కాదు. గాలి విషయములోను ఇంతే. పొగ పుట్టుచోటును సరిదిద్దిన పిదపనే వడపోత మాట.

ఇది మన ప్రాంతమునకు క్రొత్త సంగతి కాదు. హైదరాబాదు ఇంజనీరింగు పరిశోధనాలయమునకు చెందిన ఎస్.పి. రాజు గారు మట్టితో కట్టుకొనదగిన, పొగగొట్టముగల పొయ్యిని రూపొందించి, దానిని గూర్చి 1953లో ఒక పుస్తకమే ప్రకటించిరి. 2016లో ఆరంభమైన ఉజ్జ్వల పథకము వలన వంటగ్యాసు అనేక పేద కుటుంబములకు చేరినది. అంగన్‌వాడీలో వంట గ్యాసుమీద జరుగునట్లు చూచుట, అది కుదరనిచో పొయ్యిని పిల్లల గదినుండి వేరుచేసి పొగగొట్టము పెట్టించుట, ఊరి చెత్తను తగులబెట్టనీయకుండుట పంచాయతీ చేతిలోని పనులు. ఇవి చేసినను మిల్లు దుమ్ము, శీతకాలపు ఉదయములందు నేలను పట్టి నిలుచు పొగ, కోతల తరువాత పొలములలో గడ్డి కాల్చుటవలన వచ్చు పొగ మిగులును. అట్టివాని కొరకే ఈ పెట్టె.

పెట్టె పుట్టిన విధము

2013లో చైనాలోని పెకింగు నగరమును దట్టమైన పొగ కమ్మినది. ఖరీదైన యంత్రములు కొనలేని థామస్ టాల్‌హెల్మ్ అను అమెరికా విద్యార్థి సాధారణ ఫ్యానుకు ఒక వడపోత పలకను కట్టి, గదిలోని కణములు తగ్గుటను కొలిచి చూపెను. 2020లో కోవిడ్ వ్యాధి ప్రబలినపుడు అమెరికాలో రిచర్డ్ కోర్సీ అను ఆచార్యుడు, వడపోత పలకల వ్యాపారము చేయు జిమ్ రోసెన్‌థాల్ కలిసి, నాలుగు పలకలను గోడలుగా నిలిపి పైన ఫ్యాను నుంచిన పెట్టెను ప్రచారములోనికి తెచ్చిరి. అది నేడు కోర్సీ-రోసెన్‌థాల్ పెట్టె యని ప్రసిద్ధి పొందినది. ఆ దేశపు పాఠశాలలలో విద్యార్థులే దానిని తయారుచేసికొనిరి.

వడపోత పలక జల్లెడవంటిది కాదు. అందలి నారల నడుమ సందులు కణములకన్న పెద్దవే. అయినను పెద్ద కణములు గాలితోపాటు మలుపు తిరుగలేక నారలకు తగులుకొనును. మిక్కిలి చిన్నవి అటునిటు తడబడుచు పోయి నారలకే అంటుకొనును. కొన్ని పలకల నారలలో విద్యుదావేశము కూడ నుండి కణములను లాగుకొనును. ఇందువలననే తడి చీర, దోమతెర సన్నని పొగను ఆపలేవు. గదిలోని పూలకుండీలును ఈ పనికి చాలవు.

కావలసిన వస్తువులు

20 అంగుళముల చదరము, 2 అంగుళముల మందముగల మడతల వడపోత పలకలు నాలుగు. 12 అంగుళముల ఎగ్జాస్టు ఫ్యాను ఒకటి. ఒక పలుచని ప్లైవుడ్డు ముక్క. ఒక గట్టి అట్ట. రెండంగుళముల వెడల్పు టేపు. మూడు పిన్నుల ప్లగ్గు, వైరు, స్విచ్చి. ఫ్యానుపై బిగించుటకు సన్నకంతల ఇనుప జాలీ. పలకలు ఎయిర్‌కండిషనింగు సామగ్రి అమ్ము దుకాణములలో దొరకును. “మెర్వ్ 13” లేక “ఎఫ్ 7” రకమని అడుగవలెను. 20 అంగుళములవి దొరకనిచో వేరొక కొలత అయినను ఫరవాలేదు. నాలుగును ఒకే కొలతవై యుండవలెను.

“హెపా” అను మేలురకపు పలక 0.3 మైక్రాను కణములలో 99.97 శాతమును ఆపును. కాని అది గాలిని గట్టిగా అడ్డగించును గనుక చిన్న ఫ్యానుకు లాగుట కష్టము. మెర్వ్ 13 పలక 0.3 నుండి 1 మైక్రాను వరకుగల కణములలో ఒక్కసారికి కనీసము సగమును, 1 నుండి 3 మైక్రానులవానిలో 85 శాతమును పట్టును. గదిలోని గాలి మరల మరల దానిగుండా పోవుచుండును గనుక ఫలితము చాలును.

నాలుగు పలకలెందుకని సభ్యులు అడుగవచ్చును. 12 అంగుళముల ఫ్యాను వైశాల్యము 113 చదరపు అంగుళములు. నాలుగు పలకల వైశాల్యము 1,600. అనగా పలకలగుండా గాలి పదునాలుగవ వంతు వేగముతోనే మెల్లగా పోవును. మోటారుకు శ్రమ తగ్గును. పలకలును ఎక్కువకాలము మన్నును.

తయారుచేయు పద్ధతి

1. ప్రతి పలక అంచుమీద గాలి పోవు దిక్కును చూపు బాణపు గుర్తు ఉండును. నాలుగు బాణములును పెట్టె లోపలివైపునకు చూపునట్లు పలకలను చదరముగా నిలిపి, మూలలను పైనుండి క్రిందివరకు టేపుతో అంటింపవలెను.

2. అట్టను కొలిచి కోసి అడుగున మూతవలె అతికింపవలెను.

3. ప్లైవుడ్డును పైకప్పుగా కోసి, నడుమ ఫ్యానుకు సరిపడు గుండ్రని రంధ్రము చేయవలెను. ఫ్యాను పెట్టెలోని గాలిని లాగి పైకి విసరునట్లు బిగింపవలెను. తిరగవేసి బిగించినచో పలకలలోని దుమ్మే గదిలోనికి వచ్చును.

4. ఫ్యానుపై ఇనుప జాలీని తప్పక బిగింపవలెను; పిల్లల వ్రేళ్లు లోనికి పోరాదు. వైరు పనిని, ఎర్తును ఎలక్ట్రీషియనుచేతనే చేయింపవలెను.

5. ఫ్యానును నడిపి, ప్రతి అతుకువద్ద అగరువత్తి పొగను చూపవలెను. పొగ పలకలగుండా పోక అతుకులోనికి దూరినచో అచట సందున్నదని తెలిసికొని మరల టేపు వేయవలెను. ఈ పరీక్షలో నిప్పును అట్టకు దూరముగా నుంచవలెను.

ఒక పూట పనితో పెట్టె సిద్ధమగును. ఖర్చులో అధికభాగము పలకలకే పోవును. మొత్తము కొన్ని వేల రూపాయలలో ముగియును. ధరలు ఊరూరికి మారుచుండును గనుక రెండు మూడు దుకాణములలో విచారించి కొనుట మంచిది.

గదికి తగిన లెక్క

గదిలోని గాలి అంతయు గంటకు అయిదుమార్లు శుద్ధి యగునట్లు చూడవలెను. అమెరికా వ్యాధి నివారణ కేంద్రము 2023లో ఈ లెక్కనే సూచించినది. 6 మీటర్ల పొడవు, 5 మీటర్ల వెడల్పు, 3 మీటర్ల ఎత్తుగల గదిలో 90 ఘనపు మీటర్ల గాలి యుండును. అయిదుమార్లకు 450 కావలెను. ఫ్యానుపై వ్రాసిన గాలి పరిమాణములో సగమే దక్కునని లెక్కించుకొనుట క్షేమము. గంటకు 1,200 ఘనపు మీటర్లని వ్రాసియున్నచో 600 దక్కును. అది ఆ గదికి చాలును. మోటారు 60 వాట్లదైనచో, ఎనిమిది గంటలు నడిపినను అర యూనిట్టు విద్యుత్తు కూడ కాదు.

పెట్టెను నాలుగువైపుల ఒక అడుగు ఎడముండునట్లు నేలపై ఉంచవలెను. తడికిని నిప్పుకును దూరముగా నుండవలెను. గదికి తాళము వేయునపుడు స్విచ్చి ఆపవలెను.

పెట్టె చేయలేని పనులు

ఇది కణములను మాత్రమే పట్టును, వాయువులను పట్టదు. మూసిన గదిలో బొగ్గు గాని కట్టెలు గాని కాలినచో పుట్టు కార్బన్ మోనాక్సైడు ప్రాణాంతకమైనది. దాని నీ పెట్టె ఏమాత్రము తగ్గింపజాలదు. పిల్లలు విడుచు ఊపిరితో పెరుగు బొగ్గుపులుసు వాయువును కూడ తీయదు. కావున “కిటికీలు తెరవనక్కర లేదు” అను మాట సరికాదు. మిల్లు నడుచునపుడు, బయట పొగ కమ్మినపుడు ఆ దిక్కు కిటికీలు మూసి పెట్టెను నడపవలెను. వేరొక దిక్కున కొంత సందు ఉంచవలెను. బయటి గాలి తేటపడినంతనే కిటికీలన్నియు తెరువవలెను.

పలకలను కడుగరాదు, దులుపరాదు. కడిగినచో నారలలోని విద్యుదావేశము నశించును, దులిపినచో పట్టిన దుమ్ము మరల ఊపిరిలో చేరును. మూడు నెలలకొకసారి పరీక్షించి, రంగు బాగుగా మాసి గాలి తగ్గినపుడు మార్చవలెను. మార్చువారు ముక్కుకు మాస్కు కట్టుకొని, పాత పలకలను సంచిలో మూటగట్టి చెత్తబండికి ఈయవలెను, తగులబెట్టరాదు.

పంచాయతీ కర్తవ్యము

పెట్టె చేయించుట తేలిక. దానిని ఏడాది పొడవునా నడిపించుట కష్టము. పలకలు మార్చుటకు సొమ్ము లేక మూల పడియున్న పెట్టె ఎవరికిని ఉపకరింపదు. అందువలన తీర్మానము చేయునపుడే మూడు సంగతులు వ్రాసికొనవలెను: పెట్టెను చూచుకొను బాధ్యత ఎవరిది, పలకలను పరీక్షించు తేదీలేవి, క్రొత్త పలకలకు ఏటేటా కేటాయించు సొమ్మెంత.

నేను చెప్పిన గ్రామములో ముందుగా పొయ్యిని గదినుండి తీసివేసి, వెనుక వసారాలో గ్యాసుమీద వంట ఏర్పాటు చేసిరి. ఆ మార్పుతోనే గదిలో సగము తేడా కనబడినదని కార్యకర్త చెప్పినది. పిదప మిల్లు దుమ్ము కొరకు పెట్టెను చేయించిరి. మొన్న మరల పోయినప్పుడు ఆమె ఒక పలకను చూపినది. తెల్లని పలక బూడిదరంగుకు తిరిగియున్నది. “ఇదంతా మా పిల్లల గుండెల్లోకి పోవలసిందండీ” అని ఆమె అన్నది.

తరువాతి సమావేశపు చర్చనీయాంశములలో నీటికిని దీపములకును ప్రక్కన గాలికిని ఒక పంక్తి కేటాయింపుడు. ముందు మీ ఊరి అంగన్‌వాడీ గదిలో ఒక గంట కూర్చుండి, పొగ ఎచటినుండి వచ్చుచున్నదో స్వయముగా చూచి రండు.