నోటిఫికేషన్ నామ సంవత్సరం

హైదరాబాద్ చిక్కడపల్లిలో కాలాన్ని లెక్కపెట్టే పద్ధతులు చాలానే ఉన్నాయి. ఆర్టీసీ క్రాస్ రోడ్స్ థియేటర్లకు శుక్రవారంతో వారం మొదలవుతుంది. వెంకటేశ్వరస్వామి గుడికి తిథులు, త్యాగరాయ గానసభకు సాయంత్రాలు. సిటీ సెంట్రల్ లైబ్రరీ గేటు దాటితే మాత్రం వేరే శకం నడుస్తుంటుంది. ఊరి నుంచి ఎప్పుడొచ్చావంటే అక్కడ ఏడాది కన్నా ముందు వినిపించేది పేపర్ లీకేజీకి ముందా, తర్వాతా, రెండోసారి రద్దయ్యాకా అన్న లెక్కే.

అశోక్ నగర్ నుంచి బాగ్ లింగంపల్లి దాకా కోచింగ్ సెంటర్లు, హాస్టళ్లు, స్టడీ హాళ్లు, జెరాక్స్ షాపులు ఈ లెక్క మీదే బతుకుతాయి. తెలంగాణ వచ్చాక మొదటి గ్రూప్-1 నోటిఫికేషన్ 503 పోస్టులతో 2022 ఏప్రిల్‌లో పడింది. అక్టోబర్ 16న ప్రిలిమ్స్. 2023 మార్చిలో లీకేజీ బయటపడి రద్దు. జూన్ 11న మళ్లీ రాశారు. బయోమెట్రిక్ తీసుకోలేదని సెప్టెంబరులో హైకోర్టు దాన్నీ కొట్టేసింది. 2024 ఫిబ్రవరిలో పాత నోటిఫికేషనే పోయి, 563 పోస్టులతో కొత్తది వచ్చింది. జూన్ 9న మూడోసారి ప్రిలిమ్స్, అక్టోబరులో మెయిన్స్. గ్రూప్-2ది ఇంకో కథ. 783 పోస్టులకు పరీక్ష 2023 ఆగస్టు అన్నారు, నవంబర్ అన్నారు, 2024 జనవరి అన్నారు, మళ్లీ ఆగస్టు అన్నారు. చివరికి డిసెంబర్ 15, 16న పెట్టారు. తేదీ ఎన్నిసార్లు మారినా హాస్టల్ ఫీజు ఆగదు.

ఇన్ని చూసినవాళ్లకు జాబ్ క్యాలెండర్ అన్న మాట ఎంత తీయగా వినపడి ఉంటుందో ఊహించుకోవచ్చు. 2023 నవంబరులో, ఎన్నికల ముందు, రాహుల్ గాంధీ అశోక్ నగర్ వచ్చి ఉద్యోగార్థులతో మాట్లాడారు. ఆయన పార్టీ గెలిచాక, 2024 ఆగస్టు 2న ఉప ముఖ్యమంత్రి భట్టి విక్రమార్క అసెంబ్లీలో ఆ క్యాలెండర్ ప్రకటించారు. ఏ నెలలో ఏ నోటిఫికేషన్, ఏ నెలలో ఏ పరీక్ష, అన్నీ గళ్లలో ఉన్నాయి. అంతకు ఒక్కరోజు ముందే ఎస్సీ వర్గీకరణపై సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. వర్గీకరణ తేలేదాకా కొత్త నోటిఫికేషన్లు ఉండవన్నారు. అక్టోబరు గడిలో ఉన్న గ్రూప్-1 గడిలోనే ఉండిపోయింది. కారణం సబబైనదే, కానీ వయసు పెరగడానికి కారణాలతో పనిలేదు.

క్యాలెండర్ కల్పించడం కొత్త పనేమీ కాదు. రాజ్యాలు ఎప్పుడో ఆ పని చేశాయి. ఫ్రెంచి విప్లవకారులు 1793లో పది రోజుల వారం తెచ్చారు; 1806 మొదలయ్యేసరికి అది పోయింది. మన దగ్గర కల్పించిన సంవత్సరం మాత్రం ఇంకా పోలేదు. అది ఫసలీ.

గ్రూప్స్ అభ్యర్థి తెలంగాణ చరిత్రలో చదివే నిజాం కాలపు రెవెన్యూ లెక్కల వెనక అది ఉంటుంది. దాని పుట్టుక భక్తితో కాదు, శిస్తుతో ముడిపడింది. హిజ్రీ చాంద్రమాన సంవత్సరం ఏటా పదకొండు రోజులు వెనక్కి జరుగుతుంది. పంట మాత్రం ఎండా వానలను బట్టి వస్తుంది. ముప్పై మూడు హిజ్రీ ఏళ్లకు పంటకాలాలు ముప్పై రెండే. హిజ్రీ లెక్కన శిస్తు కట్టించుకుంటే రైతు పండని ఒక పంటకూ పన్ను కట్టాలి. అందుకే అక్బరు కాలంలో హిజ్రీ అంకెను పట్టుకుని, దాన్ని సూర్యుడి నడకకు కట్టేశారు. షాజహాన్ కాలంలో అది దక్కనుకు వచ్చింది. నిజాం రాజ్యంలో ఏడాది అక్టోబర్ మొదట్లో, ఆజూర్ నెలతో మొదలయ్యేది. తర్వాత దై, బహ్మన్, ఇస్ఫందార్... అన్నీ ఇరానీ పేర్లే. 1948 సెప్టెంబర్ 17 ఆ లెక్కలో 1357 ఆబాన్ నెలలో పడుతుంది. ఫర్మానాలకు హిజ్రీ ఎటూ ఉండేది. ఉద్యోగాలు స్థానికులకే అన్న 1919 ముల్కీ నిబంధనల ఫర్మానా తేదీ 1337 రంజాన్ 25. హైదరాబాద్ పాత అచ్చుల్లో ఫసలీ సంవత్సరం వేసినవీ కనిపిస్తాయి.

మద్రాసు ప్రెసిడెన్సీ 1855లో ఫసలీ ఏడాది మొదలును జూలై 1కి మార్చింది. రెవెన్యూ జమాబందీలో ఆ లెక్కే నిలిచింది. క్రీస్తు శకంలోంచి 590 తీసేస్తే సరి: 2025 జూలైతో 1435 మొదలు. రాజులు పోయారు, రాజ్యాలు పోయాయి, వసూలు చేసే క్యాలెండర్ మాత్రం తేదీ తప్పలేదు. తప్పిందల్లా ఇవ్వాల్సిన క్యాలెండరే.

రీజనింగ్ పేపర్లోనూ క్యాలెండర్ ఒక చాప్టరే. సంవత్సరంలోని రోజులను ఏడుతో భాగించి మిగిలిన రోజులు కూడుకుంటూ పోవాలి. 2025 క్యాలెండర్ మళ్లీ ఏ ఏట పనికొస్తుంది? జవాబు 2031. లీపు సంవత్సరం 2024దైతే 2052 దాకా ఆగాలి. ఈ లెక్కను అర నిమిషంలో తేల్చేసేవాళ్లే మెయిన్స్ ఏ నెలలోనో చెప్పమంటే చేతులెత్తేస్తారు.

వాళ్లకు అసలు లెక్క వేరే ఉంది. సర్వీస్ నిబంధనల ప్రకారం నోటిఫికేషన్ వచ్చిన ఏడాది జూలై 1 నాటికి అభ్యర్థి వయసు చూస్తారు. ఫసలీ కొత్త సంవత్సరం రోజే అది, కాకతాళీయమే కావచ్చు. 2024 ఫిబ్రవరిలో గరిష్ఠ వయోపరిమితిని 44 నుంచి 46కి పెంచారు. అంచున ఉన్నవాళ్లకు నోటిఫికేషన్ మార్చిలో వచ్చినా నవంబరులో వచ్చినా ఒకటే, జూలై 1 మారదు. జనవరిలోకి జారితే మాత్రం ఒక ఏడాది వయసు మీద పడుతుంది. అందుకే డిసెంబర్ చివరి వారంలో, ఊళ్లో పిల్లలు సంక్రాంతి పతంగులు కొంటున్నప్పుడు, అశోక్ నగర్ సీనియర్లు పబ్లిక్ సర్వీస్ కమిషన్ వెబ్‌సైట్‌ను మాటిమాటికీ రిఫ్రెష్ చేస్తుంటారు.